హేమలత వెంట నడక

నమోదు 1: మేకాంగ్ ఓపెన్, మొదటి రౌండు

ఇది ఎవరూ అడిగి రాయించుకుంటున్నది కాదు. గాలి జల్లెడలు కడగడం నా ఉద్యోగం. దుమ్ము ఎంత వచ్చింది, నీళ్ళు ఎంత పోయాయి అని నొక్కడానికి పైవాళ్ళు ఇచ్చిన పలక వేరే ఉంది. ఇది నా సొంతానికి. నాకేదైనా అనుమానం వస్తే రాసుకోకపోతే మనసు కుదుటపడదు, రాసుకుంటే మర్నాటికి ఇంకో రెండు అనుమానాలు పుడతాయి. మా ఆయన బతికున్నప్పుడు, "అద్దంలో నీ మొహం మీద కూడా నీకు నమ్మకం లేదే కాంచనా" అనేవాడు. ఆయన పోయింది కాస్పియన్ ఓపెన్ మూడో రౌండు నాడు. అంగారకుడి మీది మా ఎర్రదిబ్బ కాలనీలో తేదీలు ఎవరికీ గుర్తుండవు. భూమి తేదీ ఒకటి, అంగారకుడి తేదీ ఇంకొకటి. అందుకే పెళ్ళిళ్ళు, చావులు, పైపులు పగిలిన రోజులు అన్నీ గోల్ఫ్ టోర్నమెంట్లతోనే చెప్పుకుంటాం.

ఇవాళ బయట దుమ్ము తుఫాను. జల్లెడలు కడిగినవి కడిగినట్టే నిండిపోతున్నాయి. భూమి నుంచి మాటలు రావడం లేదు, ఉత్తరాలు రావడం లేదు. నా స్నేహితురాలు నరసమ్మకు భూమ్మీద కవిటిలో చెల్లెలు ఉంది, ఆమెకు ఆపరేషన్ అయిందో లేదో తెలియలేదు. అయినా మేకాంగ్ ఓపెన్ మాత్రం వేళకి మొదలైంది. నడవ గోడ మీద గడ్డి పరకా పరకా విడివిడిగా కనిపిస్తోంది.

మా నడవ గురించి చెప్పాలి. ఇళ్ళన్నిటి చుట్టూ తిరిగే పొడుగాటి వసారా అది, దాని లోపలి గోడంతా తెర. గోల్ఫ్ ఆడే మా వైపు పిల్ల తామాడ హేమలత ఆ గోడలో నడుస్తుంటే మేము ఆమె పక్కన నడుస్తాం. ఆమె బంతి దగ్గర నిలబడితే నిలబడతాం. ఆమె కొట్టేదాకా దగ్గు వచ్చినా మింగేస్తాం. దీన్ని వెంట నడక అంటాం. దీనికి ఎవరూ రాయని నియమాలు కొన్ని ఉన్నాయి. ఆటగత్తెను దాటి ముందుకు పోకూడదు. ఆమె నడుస్తుంటే మనం కూర్చోకూడదు. ఆమె ఓడిపోతున్నా సరే, మధ్యలో వదిలేసి ఇంటికి పోకూడదు.

ఒకప్పుడు నడవ కిటకిటలాడేది. క్యాంటీన్లో పెద్ద తెర పెట్టాక జనమంతా అక్కడ టీలు తాగుతూ చూస్తున్నారు. ఇప్పుడు హేమలత వెంట మొదటి హోలు నుంచి చివరిదాకా నడిచేది దుప్పల అప్పలనరసమ్మ ఒక్కతే. మంచు గనిలో పనిచేసేది. డ్రిల్లు మీద పడి ఎడమకాలు దెబ్బతింది. ఇక్కడ ఒంటికి బరువు తక్కువ, వాడని కాలు తొందరగా చచ్చుబడిపోతుంది. నడక మానేస్తే పడక వార్డుకే అని డాక్టర్ ఏలియా ఆమెకు ఖరాఖండీగా చెప్పాడు. ఆ వార్డుకు వెళ్ళినవాళ్ళు లేచి రావడం నేను చూడలేదు. డాక్టరు మాట మీద నరసమ్మ ఒక్క అడుగు వేయదు. హేమలత కోసమైతే ఎంత దూరమైనా నడుస్తుంది.

"ఉత్తరం ముక్క రాని తుపానులో గోల్ఫ్ ఎలాగొస్తంది అప్పా?" అని అడిగాను. మా వైపు అక్కను అప్ప అంటాం.

"అది ఆట, ఇది ఉత్తరం. రెండూ ఒకటేనేటే?" అంది నరసమ్మ. "నీకు బొమ్మ రాపోతే ఒక అనుమానం, వొస్తే ఇంకో అనుమానం. నడు."

నడిచాను. హేమలత నాలుగో హోలులో బర్డీ కొట్టింది, అంటే లెక్కకన్నా ఒక దెబ్బ తక్కువలో బంతిని గుంటలో వేసింది. నరసమ్మ చప్పట్లు కొట్టింది. నేను గడ్డినే చూస్తున్నాను.

నమోదు 2: మేకాంగ్ ఓపెన్, రెండో రౌండు

నరసమ్మకు హేమలత అంటే అభిమానం అనడం తక్కువ మాట. హేమలతది కవిటి, కొబ్బరి తోటల మధ్య పుట్టింది. కొబ్బరి మట్టతో రాలిన పిందెల్ని కొట్టి గోల్ఫ్ నేర్చుకుందని చెబుతారు. పెద్ద టోర్నమెంట్ల టూర్‌లోకి వచ్చిన మొదటి ఏడాదంతా కట్ దాటలేదు, అంటే రెండో రౌండుకే ఇంటిదారి పట్టేది. ఆ ఏడాది కూడా నరసమ్మ ఆమెను విడిచిపెట్టలేదు. హేమలత ఎప్పుడు ఏ కర్ర వాడాలో కర్రల సంచి మోసే క్యాడీ కన్నా నరసమ్మే ముందు చెబుతుంది. తప్పు కర్ర తీస్తే గోడతో పోట్లాడుతుంది.

నేను హేమలత మనిషిని కాను. అందరూ ఒకే వైపు ఉంటే నాకు ఊపిరాడదు. నార్వే నుంచి మరీత అని ఒక పిల్ల ఆడుతుంది. బర్డీ కొట్టినా నవ్వదు, బంకర్ ఇసుకలో పడినా మొహం మారదు. నవ్వని మనిషిని నేను సులువుగా నమ్ముతాను. ఎర్రదిబ్బ మొత్తం మీద మరీత వెంట నడిచేది నేనొక్కర్తినే. నడుస్తాను అనకూడదు నిజానికి. అందరి కాలికీ వైద్యశాల వాళ్ళు పట్టీ ఒకటి ఇచ్చారు, నడక కొలవడానికట; ఎవరు ఏ ఆటగత్తె వెంట నడుస్తారో కూడా అందులో ఎక్కించుకున్నారు. నేనెంత దూరం నడిస్తే వాళ్ళకెందుకు? నా పట్టీని జల్లెడల బండి చక్రం పైన కట్టేశాను. బండి ఎటూ ఊరంతా తిరుగుతుంది, వాళ్ళ కొలతా వాళ్ళకు వస్తుంది.

ఇవాళ మరీత బంతి మా గోడ వైపే పడింది. దగ్గర నుంచి చూశాను. నడుస్తూ నడుస్తూ ఎడమ పక్కకు ఒక్కసారి తూలింది. కొంచెం దూరం పోయాక మళ్ళీ తూలింది. తాగిందేమో అనుకున్నాను, మొహం చూస్తే తేటగా ఉంది.

"అప్పా, ఈ పిల్ల నడకేటి ఇలాగున్నాది?"

నరసమ్మ అటు చూడలేదు. ఆమెకు వేరే ఆటగత్తెలు అడ్డం వచ్చే చెట్లతో సమానం. "ఇన్నేళ్ళ నుంచి పక్కన నడస్తన్నాను గదా, ఈ పిల్ల ఒక్కసారైనా ఎనక్కి తిరిగి సూడదేటే? అందరు ప్లేయర్లూ అభిమానులకేసి సెయ్యూపుతారు. దీనికి ముందరున్న గుంట తప్ప ఇంకేటీ కనపడదు" అని తన గొడవ తాను చెప్పుకుంది. కోపంగా కాదు. ఇంట్లో పిల్ల గురించి చెప్పినట్టే చెప్పింది.

నమోదు 3: మేకాంగ్ ఓపెన్, చివరి రౌండు

హేమలత కుంటుతోంది.

మొదట గట్టు మీద జారిందేమో అనుకున్నాను. కాదు, కాసేపు వెంట నడిచే ఆ నలుగురూ కూడా ఇవాళ క్యాంటీన్‌కి పోయి నరసమ్మ ఒక్కతే మిగిలాక, తొమ్మిదో హోలు నుంచి స్పష్టంగా తెలిసింది. కుడికాలు గట్టిగా వేస్తుంది, ఎడమకాలిని పక్కకు తిప్పి నేల ఊడ్చినట్టు ఈడుస్తుంది. విచిత్రం ఏమిటంటే స్కోరు మాత్రం దివ్యంగా ఉంది. ఆ కాలితో అంత దూరం ఎలా కొడుతోందో నాకు అర్థం కాలేదు. వ్యాఖ్యాత గాలి గురించి మాట్లాడాడు, గడ్డి గురించి మాట్లాడాడు, మేకాంగ్ నదిలో చేపల గురించి కూడా మాట్లాడాడు. కాలు గురించి ఒక్క ముక్క లేదు. ఒక ఆటగత్తె కుంటుతూ కప్పు దగ్గరకు వస్తుంటే చేపల గురించి మాట్లాడే వ్యాఖ్యాతను నేనెక్కడా వినలేదు.

నరసమ్మ అది చూసింది. అడుగు నెమ్మది చేసింది. హేమలత ఇంకా నెమ్మదించింది. నరసమ్మ మరికాస్త నెమ్మదించింది. అలా ఇద్దరూ పోటీ పడి నెమ్మదిస్తూ చివరి గుంట ఉన్న పద్దెనిమిదో గ్రీన్‌కు చేరేసరికి నా బండి తోసుకుంటూ నేను చుట్టూ తిరిగి మళ్ళీ వాళ్ళ దగ్గరకే వచ్చాను.

"బేగి నడవొచ్చు గదా అప్పా, డాక్టరు ఏటన్నాడు?"

"ఆ పిల్ల నొప్పితో నడస్తంటే నాను ముందుకెల్లిపోతానేటే? సిగ్గుండక్కర్లేదా నాకు?"

హేమలత మూడో స్థానంలో ముగించింది. నరసమ్మ రాత్రి గంజి తాగలేదని పక్కింటివాళ్ళు చెప్పారు.

నమోదు 4: ఆటలు లేని వారం

నా బండి ఎడమ చక్రం సొట్టపోయి ఉండేది, ప్రతి చుట్టుకూ ఒకసారి పక్కకు లాగేది. వర్క్‌షాపు వాళ్ళ చుట్టూ తిరగ్గా తిరగ్గా ఇవాళ కొత్త చక్రం వేశారు. ఇప్పుడు వెన్నలా పోతోంది. వాళ్ళు చివరికి పని చేశారంటే వాళ్ళకేం కావాలో అని రోజంతా ఆలోచించాను.

నమోదు 5: నీలగిరి కప్పు, మొదటి రౌండు

నిలబడే రాస్తున్నాను.

మరీత ఇవాళ తూలలేదు. తూలకపోవడమే కాదు, నడవనూ లేదు. పాదం ఎత్తకుండా గడ్డి మీద జారుకుంటూ పోయింది, వెన్నలా. నా చేతిలో బండి కూడా అలాగే జారుతోంది. నేను ఆగాను. మరీత ఆగింది. నేను బండిని కొంచెం వెనక్కు లాగాను. నార్వే దేశపు ఆటగత్తె, ప్రపంచంలో పదకొండో ర్యాంకు మనిషి, చేతిలో కర్ర పట్టుకుని మొహం ముందుకే పెట్టి వెనక్కు జారింది.

నా అనుమానం మీద నాకే అనుమానం వచ్చింది. అందుకని బండికి కట్టిన నా పట్టీ విప్పి జల్లెడలు ఉతికే డ్రమ్ము పిడికి కట్టి, డ్రమ్ము ఆన్ చేసి, క్యాంటీన్ గుమ్మంలో నిలబడి చూశాను. పెద్ద తెర మీద మరీత ఫెయిర్‌వే పచ్చిక మధ్య ఒంటికాలి మీద గిరగిరా తిరుగుతోంది. క్యాంటీన్ జనం టీ గ్లాసులు పెట్టేసి నవ్వారు. నార్వేలో అదొక పూజ అయ్యుంటుందని ఒకాయన అన్నాడు, పక్కాయన తలూపాడు. ఎవరికీ వేరే ఆలోచన రాలేదు. పరిగెత్తుకెళ్ళి డ్రమ్ము ఆపాను.

అంటే గోడలో నడిచేది ఆటగత్తెలు కాదు. మరీత నా బండి.

మరి హేమలత ఎవరో ఇంకొకరిని అడగక్కర్లేదు. ఎడమకాలిని పక్కకు తిప్పి ఊడ్చినట్టు ఈడ్చే మనిషి ఎర్రదిబ్బలో ఒక్కతే ఉంది. నరసమ్మ ఇన్నాళ్ళూ తన నడక వెంటే తాను నడుస్తోంది. తన కుంటును చూసి, అది హేమలత నొప్పి అనుకుని, దానికోసం తాను ఇంకా నెమ్మదిస్తోంది. ఈమె నెమ్మదిస్తే ఆమె నెమ్మదిస్తుంది, ఆమె నెమ్మదిస్తే ఈమె. దీనికి చివర ఎక్కడుందో నాకు తెలుసు. పడక వార్డులో ఉంది.

నాకు చచ్చేంత భయం వేసింది.

నమోదు 6: నీలగిరి కప్పు, రెండో రౌండు

డాక్టర్ ఏలియా దగ్గరకు పోట్లాటకే వెళ్ళాను. ఆయనది గుంటూరు, మనిషి మెత్తన. మెత్తని మనుషుల్ని నేను ముందు నుంచీ ఒక కంట కనిపెడతాను. కుర్చీ చూపించినా కూర్చోలేదు.

"గోడలో బొమ్మలు మీరే గీయిస్తన్నారా?"

ఆయన బుకాయిస్తాడనుకున్నాను. కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "ఎలా తెలిసిందండీ?"

"మరీతను ఉతికాను. చెప్పండి."

"బొమ్మలు రావడం మానేసి చాలా కాలమైందమ్మా. భూమి నుంచి బొమ్మలు అందించే ఆకాశంలోని రిలేలు ఒకటొకటే పోయాయి. మిగిలిన సన్న దారిలో మందులు, గాలి, నీళ్ళ కబుర్లకే చోటు చాలట్లేదు. టూర్ వాళ్ళు స్కోరు పంపుతారు, ఏ బంతి ఎక్కడ పడిందో పంపుతారు. అవి నాలుగు అంకెలు, తుఫానులో కూడా దూరి వస్తాయి. అవి నిజమేనండీ. మిగతాది ఇక్కడి యంత్రం గీస్తుంది."

"ఆ సన్న దారిలో అంకెలు దూరాయి, నరసమ్మ చెల్లెలి ఉత్తరం దూరలేదా?"

"దూరలేదమ్మా" అన్నాడు. ఆ మాట అనేటప్పుడు నా మొహం చూడలేకపోయాడు. "ఆట ఆపేస్తే జనం నడక ఆపేస్తారని భయపడ్డాం."

"హేమలత కాలు?"

"ఆవిడకేం కాలేదు. భూమి మీద చక్కగా నడుస్తూనే ఉంటుంది."

నేను చూసిందంతా చెప్పాను. బండి చక్రం, డ్రమ్ము, ఎడమకాలు, ఇద్దరూ పోటీ పడి నెమ్మదించడం. ఆయన వింటూ వింటూ తల పట్టుకున్నాడు. "నడిచేవాళ్ళకు ఆయాసం రాకుండా ఆటగత్తె అడుగును వాళ్ళ అడుగుకు సరిపెట్టమని యంత్రానికి మేమే చెప్పాం. అప్పుడు ఒక్కొక్కరి వెంట వందలమంది నడిచేవాళ్ళు. అందరి నడకా కలిసిపోయి ఎవరి నడకా అయ్యేది కాదు. ఒక్కరే మిగులుతారని ఎవరనుకున్నారు?"

"సరిచెయ్యండి మరి."

"ఆ సరంజామా తెలిసినవాళ్ళు ఉత్తర ధ్రువం కాలనీలో ఉన్నారు. వాళ్ళు సరిచేసేదాకా గోడ మొత్తం ఆపాలి. ఈ సీజన్ అయిపోతుంది." కళ్ళజోడు పెట్టుకున్నాడు. "ఆవిడకు నిజం చెబుతానంటే నేను అడ్డం రానండీ. కానీ రేపటి నుంచి ఆవిడ దేని వెంట నడవాలో కూడా మీరే చెప్పాలి."

దొంగను పట్టుకుందామని వెళితే ఒక మంచివాడు దొరికాడు. ఇన్నేళ్ళ నా అనుమానం నిజమై నా చేతిలో ఉంది, దాన్ని ఏం చేసుకోవాలో తెలియడం లేదు. వచ్చేటప్పుడు ఆయన తలుపు గట్టిగా వేశాను. దానివల్ల ఏమీ మారలేదు.

నమోదు 7: నీలగిరి కప్పు, మూడో రౌండు

నరసమ్మ ఇవాళ కూర్చుంది.

పన్నెండో హోలు దగ్గర నడవ ఏటవాలుగా పైకెక్కుతుంది. అక్కడ గోడ పక్కన ఒక బల్ల ఉంది, దాని మీద ఎవరూ కూర్చోగా నేను చూడలేదు. నరసమ్మ దాని మీద చతికిలబడింది. గోడలో హేమలత కర్రను ఊతకోలలా పట్టుకుని కదలకుండా నిలబడిపోయింది. వ్యాఖ్యాత మాట్లాడుతూనే ఉన్నాడు. ఎంతసేపటికీ హేమలత కదలలేదు, బంతి మాత్రం ఉన్నట్టుండి గ్రీన్ మీద ప్రత్యక్షమైంది. స్కోరు వచ్చేసి ఉంటుంది, బొమ్మ దాన్ని అందుకోలేకపోయింది.

"లెగు అప్పా. ఆట సగంలో కూకోకూడదని నువ్వే గదా సెప్పేదానివి?"

"నాను పక్కన నడస్తంటే ఆ పిల్ల మొగమాటానికి నడస్తంది. నాను కూకున్నాను, సూడు, తనూ ఆగింది. కాలికి కాస్త సుఖమొస్తాది." నుదుటి చెమట పమిటతో తుడుచుకుంది. "ఈ టోర్నమెంటు అయినాక నడక మానేస్తాను కాంచనా. నాను రాపోతే ఆ పిల్ల ఇంటికెల్లి కాలు సూపించుకుంటాది."

చెప్పేద్దామని ఆమె పక్కన నేలమీద కూర్చున్నాను. గోడలోది హేమలత కాదు, నువ్వే అని చెప్పడానికి నోరు తెరిచాను. నాకు తెలిసిన నిజం అది ఒక్కటే, ఎన్నాళ్ళుగానో వెతికి పట్టుకున్నది.

"అప్పా, ఒక ఇసయం సెప్పాల."

"మళ్ళీ ఏటి అనుమానం?" అంది, నవ్వుతూనే. "ఇక్కడ నాకున్న తోడు ఆ పిల్లొక్కతే. నువ్వూ ఉన్నావులే. గాని నీకు ప్రతి గుమ్మం కాడా ఎనక్కి తిరిగి సూసుకునే జబ్బు. నిన్ను పక్కనెట్టుకుంటే దారి సాగదు."

అది నిజమే. నాలుగడుగులకోసారి మడమ మీద తిరిగి వెనక ఎవరున్నారో చూసుకోవడం నాకు చిన్నప్పటి నుంచీ అలవాటు. నోరు మూసుకున్నాను. ఆమెకు ఉన్న ఒక్క తోడునూ లాగేసి చేతిలో నా నిజాన్ని పెట్టడానికి నాకు ధైర్యం చాలలేదు. ఏడుపు వచ్చింది, జల్లెడల దుమ్ము కంట్లో పడిందని చెప్పాను. ఆమె నమ్మింది. ఆమె అన్నీ నమ్ముతుంది.

నమోదు 8: నీలగిరి కప్పు, చివరి రౌండు

నరసమ్మ వంగలేదు కాబట్టి రోజూ పట్టీ నేనే పెడతాను. ఇవాళ కూడా నేనే పెట్టాను. బండికి కట్టిన నా పట్టీ విప్పి ఆమె కాలికి పెట్టాను, ఆమెది నా కాలికి పెట్టుకున్నాను. ఇన్నేళ్ళలో పట్టీ కట్టుకోవడం ఇదే మొదలు. చల్లగా, బేడీలా ఉంది. మోసం చేసేవాళ్ళకు గుండె ఎలా కొట్టుకుంటుందో ఇవాళ తెలిసింది.

మొదటి హోలు దగ్గర హేమలత బంతి కొట్టి కర్ర క్యాడీకి ఇచ్చింది. స్కోర్ల పట్టికలో ఆమె అందరికన్నా ముందుంది. నరసమ్మ ఎప్పటిలా ఆగి, ఆమె కదలడం కోసం చూస్తోంది. నేను ఆగలేదు. హేమలతను దాటి ముందుకు అడుగేశాను.

"ఒసే, ముందుకెల్తావేటే? బుద్ధుందా?"

కాళ్ళు తిన్నగా ఎత్తి, మడమ గట్టిగా ఆనించి నడిచాను. గోడలో హేమలత కాలు ఎత్తింది. ఎడమకాలు తిన్నగా పడింది. మళ్ళీ కుడికాలు, మళ్ళీ ఎడమ. కుంటు లేదు.

వెనక నరసమ్మ గొంతు మారిపోయింది. "ఓలమ్మ, కాలు బాగైపోనాది సూడే. బాగైపోనాది." ఆ వెంటనే ఊడ్చినట్టు ఈడ్చే అడుగుల చప్పుడు వినిపించింది. ఒక్కొక్కటే, తర్వాత వెంటవెంటనే.

ఆ పైన ఎలా నడిచానో నాకే తెలియదు. బండి తోయడం తప్ప నేనెన్నడూ ఇంత దూరం ఊరికే నడిచిన మనిషిని కాను. నేను ఊపిరి పీల్చుకోవడానికి ఆగితే హేమలత ఆగేది, అందుకని బంతి దగ్గరే ఆయాసం తీర్చుకున్నాను. నరసమ్మ నన్ను తిట్టడం మానలేదు. సిగ్గులేనిదానా అంది, ఆటగత్తెను దాటిపోయే మొహం చూడు అంది. క్యాంటీన్ గుమ్మంలో జనం నిలబడి, కాంచనకు పిచ్చి ముదిరిందనుకున్నారు. పాపం మరీత ఆ పూటంతా ఎడమకాలు ఈడుస్తూ ఆడింది. దాన్ని చూసినవాళ్ళు ఎవరూ లేరు.

పన్నెండో హోలు ఏటవాలు వచ్చింది. పక్కన బల్ల ఉంది. నా మోకాళ్ళు మంటలెత్తుతున్నాయి, వెనక అడుగుల చప్పుడు సన్నబడింది, తర్వాత వినపడలేదు. కూర్చుందేమో అనిపించింది. ఆ క్షణంలో నాకు పట్టీ గుర్తులేదు, గోడ గుర్తులేదు. నరసమ్మ వస్తోందో లేదో చూడాలి, అంతే. నా పాత జబ్బు కొద్దీ మడమ మీద గిర్రున వెనక్కు తిరిగాను.

నరసమ్మ కూర్చోలేదు. ఏటవాలు మధ్యలో నిలబడిపోయి ఉంది. ఆమె నాకేసి చూడడం లేదు, గోడకేసి చూస్తోంది. గోడలో హేమలత కూడా వెనక్కు తిరిగి ఉంది. చేతిలో కర్రతో, ఆటంతా వదిలేసి, సూటిగా నరసమ్మనే చూస్తోంది.

నాకు కదలాలనిపించలేదు. నేను కదిలితే ఆమె తిరిగిపోతుంది.

తర్వాత నరసమ్మ చెయ్యి ఎత్తి, ఆ పిల్లను వెళ్ళమని ఊపింది. "ఎల్లు తల్లీ, ఎల్లు. వొస్తన్నాను." ఆమె ఏటవాలు ఎక్కింది. నేను ముందుకు తిరిగి నడిచాను.

హేమలత ఒక్క దెబ్బ తేడాతో కప్పు పోగొట్టుకుంది. ఆ అంకె నిజమైనదే. ఇంకో రోజైతే నరసమ్మకు అన్నం దిగేది కాదు. ఇవాళ గంజి తాగి, ఇంకాస్త పొయ్యమంది. డాక్టర్ ఏలియా వచ్చి పట్టీల కొలతలు చూశాడు. నరసమ్మ పేరు మీద నా నడక, నా పేరు మీద నరసమ్మ నడక. కాసేపు చూసి, ఒకసారి నా మోకాళ్ళకేసి చూసి, "ఆవిడ ఇవాళ పూర్తిగా నడిచారు" అన్నాడు.

"నడిచింది" అన్నాను.

వచ్చేవారం ఇంకో టోర్నమెంటు ఉంది. నరసమ్మ నడవకు వస్తానంది, ముందు నడవనని మాత్రం నా చేత ఒట్టు వేయించుకోబోయింది. నేను ఒట్టు వేయలేదు. పడుకోబెట్టి, కాలికి నూనె రాసి, పట్టీ విప్పుతుంటే నా చెయ్యి పట్టుకుంది.

"నువ్వెలాగూ నమ్మవు గాని కాంచనా, ఆ పిల్ల నాకేసే సూసింది."

"సూసింది అప్పా" అన్నాను. "నువ్వొస్తన్నావో లేదోనని సూసింది."